మదనపల్లెలో ఐరిష్ మాస్టారు

జనగణమనకు ఇంగ్లీషు అనువాదం పుట్టింది మదనపల్లెలోనే అని ఆ ఊరివాళ్లు గర్వంగా చెప్పుకుంటారు. 1919 ఫిబ్రవరి 28న ఇక్కడి దివ్యజ్ఞాన సమాజం కాలేజీలో రవీంద్రనాథ్ ఠాగూర్ స్వయంగా దాన్ని రాశారు. అప్పుడాయనకు ఆతిథ్యమిచ్చిన ప్రిన్సిపాల్ పేరు మాత్రం పెద్దగా వినిపించదు. ఆయన జేమ్స్ హెన్రీ కజిన్స్. అతిథి వెనక మరుగునపడిపోవలసిన మనిషి కాదాయన.

కజిన్స్ 1873లో బెల్‌ఫాస్ట్‌లో పుట్టారు. కవి, నాటకకర్త. ఇంగ్లీషువాళ్ల ఏలుబడిలో ఐర్లండ్ జనం తమ గేలిక్ భాషను చాలావరకు పోగొట్టుకున్నారు. ఆ నష్టం తెలిసొచ్చిన యేట్స్, జార్జ్ రసెల్ లాంటి కవులు పాత గాథలను వెతికి పట్టుకుని కొత్త సాహిత్యం సృష్టించారు. కజిన్స్ వాళ్లలో ఒకరు. 1902లో డబ్లిన్‌లో ఆడిన ఆయన నాటకం ‘ద స్లీప్ ఆఫ్ ద కింగ్’కు మూలం అలాంటి గాథే.

1915లో దివ్యజ్ఞాన సమాజం అధ్యక్షురాలు అనిబిసెంట్ పిలిస్తే భార్య మార్గరెట్‌తో మద్రాసు వచ్చి ఆమె నడిపే ‘న్యూ ఇండియా’ పత్రికలో చేరారు. మరుసటి ఏడాది డబ్లిన్‌లో ఇంగ్లీషువాళ్ల పాలనపై జరిగిన ఈస్టర్ తిరుగుబాటును మెచ్చుకుంటూ రాయడంతో ఆ ఉద్యోగం పోయింది. అలా మదనపల్లె కాలేజీకి చేరారు.

పరాయి పాలనలో ఉన్న జాతి తనదంటూ దేన్ని కాపాడుకోవాలి? ఐర్లండ్ నుంచి మోసుకొచ్చిన ఈ ప్రశ్నతోనే ఆయన మన చిత్రకళనూ కవిత్వాన్నీ చూశారు. 1918లో ‘ద రినైజాన్స్ ఇన్ ఇండియా’ పుస్తకం తెచ్చారు. అది చదివిన అరవిందులు అదే పేరుతో ‘ఆర్య’ పత్రికలో వ్యాసాలు రాశారు. కజిన్స్ రాసిన మరో పుస్తకాన్ని సమీక్షించబోయి ‘ద ఫ్యూచర్ పొయెట్రీ’ అనే పెద్ద రచనే చేశారు.

కాలేజీలో బుధవారం రాత్రి భోజనాలయ్యాక పాటలు పాడుకునేవారు. ఠాగూర్ వచ్చినప్పుడు ఒక బుధవారం ఆయన కూడా జనగణమన పాడారు. అంతటి భారీ విగ్రహానికి గొంతు అంత తేలిగ్గా ఉండటం కజిన్స్‌కు ఆశ్చర్యమనిపించింది. ప్రాంతాలు, కొండలు, నదుల పేర్లు వరసగా వస్తుంటే మొదట భూగోళ పాఠంలా తోచింది. తీరా ‘జయహే’ దగ్గరికొచ్చేసరికి అందరూ చెవులు రిక్కించారు. మళ్లీ మళ్లీ పాడించుకున్నారు, గొంతు కలిపారు. సంగీతంలో పట్టా ఉన్న మార్గరెట్ దానికి స్వరాలు రాసిపెట్టారు. 1927లో అఖిల భారత మహిళా సభ ఏర్పాటుకు పూనుకున్నదీ ఈమే. దంపతులిద్దరూ కలిసి రాసుకున్న ఆత్మకథ ‘వి టూ టుగెదర్’ 1950లో వచ్చింది.

1937లో కజిన్స్ హిందూమతం స్వీకరించి జయరాం అయ్యారు. 1956లో మదనపల్లెలోనే కన్నుమూశారు.

ఆయన పుస్తకాలు ఇప్పుడు చదివేవాళ్లు తక్కువ. చేతల్లో చేసి చూపించిందే ఎక్కువ నిలిచింది. మన చిత్రకారుల బొమ్మలు జనం చూసే చోట ఉండాలని సంస్థానాధీశులను ఒప్పించారు. 1924లో మైసూరు జగన్మోహన ప్యాలెస్‌లో, 1935లో తిరువనంతపురంలో చిత్రశాలలు వెలిశాయంటే ఆయన చలవే. తిరువనంతపురం శ్రీచిత్ర ఆర్ట్ గ్యాలరీలో బెంగాల్ చిత్రకారుల పనితనాన్ని ఇవాళ ఎవరైనా వెళ్లి చూడొచ్చు.