అసందిగ్ధము

రెండర్థాలకు తావీయని మాటను మన పెద్దలు ‘అసందిగ్ధము’ అన్నారు. ఈ పదానికి మూలం ‘దిహ్’ ధాతువు. ధాతుపాఠం దానికి ‘ఉపచయము’, అనగా పేరుకొనుట, వృద్ధి చెందుట అని అర్థం చెప్పింది. పూత పూయుట అనే అర్థమూ ప్రసిద్ధమే. విషం పూసిన బాణానికి ‘దిగ్ధము’ అని పేరు. ఆహారంచేత వృద్ధి పొందేది కనుక శరీరం ‘దేహము’. ఆ ధాతువుకే ‘సమ్’ అనే ఉపసర్గ చేరగా సందేహము, సందిగ్ధము అనే పదాలు ఏర్పడ్డాయి. పూత వేసిన గోడకు అడుగున ఏమున్నదో తెలియనట్లే, సందిగ్ధవాక్యంలో వక్త హృదయం తెలియదు. ఆ పూత లేని మాట అసందిగ్ధము.

పతంజలి మహర్షి మహాభాష్యారంభంలో వ్యాకరణాధ్యయనానికి రక్ష, ఊహ, ఆగమము, లఘువు, అసందేహము అని ఐదు ప్రయోజనాలు చెప్పాడు. చివరిదానికి ఆయన చూపిన ఉదాహరణ యజ్ఞసంబంధమైన ‘స్థూలపృషతీ’ శబ్దం. పెద్దదీ, చుక్కలు కలదీ అయిన గోవా? పెద్ద చుక్కలు గల గోవా? పూర్వపదస్వరం నిలిస్తే బహువ్రీహి, కనుక పెద్ద చుక్కలు గలది. సమాసాంతం ఉదాత్తమైతే తత్పురుష, కనుక మొదటి అర్థం. స్వరజ్ఞానం లేనివానికి సందేహం తీరదు.

కిష్కింధాకాండలో హనుమంతుని తొలి పలుకులు విని శ్రీరాముడు లక్ష్మణునితో ప్రశంసించిన గుణాలలో అసందిగ్ధత ఒకటి. లంకనుండి మరలివచ్చిన హనుమ వానరులతో ‘చూచితిని’ అనే అర్థమిచ్చే పదాన్ని ముందుంచి, సీతమ్మ పేరు తరువాత పలికాడు. పేరు ముందు వస్తే, ‘ఏమైనదో’ అని వినేవారి గుండె క్షణకాలమైనా తల్లడిల్లేదని పెద్దల వ్యాఖ్యానం. అసందిగ్ధంగా పలకడం పాండిత్యం మాత్రమే కాదు, దయ కూడా.

మన మ్రొక్కులకూ ఇది వర్తిస్తుంది. ‘కోరిక తీరితే ఏదో ఒకటి సమర్పిస్తాను’ అన్నవాడు తప్పించుకొనుటకు తలుపు తెరచి ఉంచుకున్నవాడే. కోరిక తీరిన పిదప ఆ ‘ఏదో ఒకటి’ నానాటికి చిన్నదవుతుంది. దానం చేసేవారు అది అన్నదానానికో, గోసంరక్షణకో, నిత్యార్చనకో, ఎవరి పేర, ఏ తిథినాడో స్పష్టంగా వ్రాసి ఇవ్వాలి. దాత కాలానంతరం ఆయన హృదయాన్ని చెప్పగలిగేది ఆ వ్రాత ఒక్కటే.

సర్వాంతర్యామికి మన మనసు తెలియనిది కాదు. అయినా సంకల్పంలో గోత్రనామాలు, కోరిక స్పష్టంగా ఉచ్చరించమన్నారు. ఆ స్పష్టత స్వామి కొరకు కాదు, మన మాటకు మనమే కట్టుబడి ఉండుట కొరకు.