సినిమాలు తీసి, తెరలూ కట్టిన మన్మోహన్ శెట్టి

సినిమా తీయడం ఒక ఎత్తు, దాన్ని ఆడించేందుకు థియేటర్ దొరకడం మరో ఎత్తు. ఈ రెండు వైపులా పనిచేసిన కొద్దిమందిలో మన్మోహన్ శెట్టి ఒకరు.

1978లో ముంబైలో ఆయన యాడ్‌ల్యాబ్స్ అనే ఫిల్మ్ ప్రాసెసింగ్ ల్యాబ్ మొదలుపెట్టారు. తర్వాత సమాంతర సినిమా నిర్మాణంలోకి దిగారు. ప్రదీప్ ఉప్పూర్‌తో కలిసి నిర్మించిన ‘చక్ర’ (1981) స్మితా పాటిల్‌కు, ‘అర్ధ్ సత్య’ (1983) ఓం పురికి జాతీయ అవార్డులు తెచ్చాయి.

అప్పటి థియేటర్లలో సీట్లు వందల్లో, కొన్నిచోట్ల వెయ్యికి పైగా ఉండేవి. పెద్ద తారలు లేని సినిమాతో వాటిని నింపడం కష్టం. మల్టీప్లెక్స్ లెక్క వేరు. ఒకే కప్పు కింద చిన్న హాళ్లు ఉంటాయి కాబట్టి, తక్కువ మంది వచ్చినా షో గిట్టుబాటవుతుంది. 2001లో శెట్టి వడాలాలో ఐమాక్స్ డోమ్ థియేటర్ తెరిచారు.

2005లో అనిల్ అంబానీ రిలయన్స్ గ్రూపు యాడ్‌ల్యాబ్స్‌లో మెజారిటీ వాటా కొంది. ఆ థియేటర్లు బిగ్ సినిమాస్‌గా మారాయి. 2014లో వాటిని కార్నివాల్‌కు అమ్మే ఒప్పందం కుదిరింది.

చిన్న హాలు వస్తే చిన్న సినిమాకు చోటు దొరుకుతుందన్నది సగం నిజమే. ఏ సినిమాకు ఎన్ని షోలన్నది గొలుసు థియేటర్ల కంపెనీలు మొదటి వారాంతపు వసూళ్లు చూసి తేలుస్తాయి. నిలదొక్కుకోవడానికి సమయం కావలసిన సినిమాకు ఆ గడువు చాలదు.