ఒక లిపి పెక్కు భాషలు, ఒక భాష పెక్కు లిపులు: చీనా లిపి, సవర భాష

చీనా దేశపు లిపిని గూర్చి తరచుగా వినబడు మాట యొకటి కలదు. ఆ లిపి ధ్వనిని గాక అర్థమును వ్రాయుననియు, అందుచేత ఒకరి మాట యొకరికి తెలియని జనులు సైతము దానిని చూచి ఒకే భావమును గ్రహింతురనియు, అట్టి లిపి మనకును ఉన్నచో భాషాభేదములు మనలను బాధింపవనియు ఆ మాటకు సారాంశము. ఇందు కొంత సత్యము కలదు. కాని అది సగము సత్యము మాత్రమే. మిగిలిన సగమును తెలిసికొనవలెనన్నచో చీనా, జపాను, కొరియా, వియత్నాము దేశములందు ఆ లిపి పొందిన పరిణామమును పరిశీలింపవలయును.

అయితే ఈ పరిశీలనకు కావలసిన తొలి సాధనము మన యింటనే కలదు. శ్రీకాకుళము జిల్లా ఉత్తరభాగమున టెక్కలి, పలాస, మందస, సోంపేట ప్రాంతములలో తెలుగు, ఒడియా, సవర భాషలు ఒకదాని ప్రక్క నొకటి జీవించుచున్నవి. తెలుగు ద్రావిడ భాష, ఒడియా ఆర్యభాష, సవర ముండా శాఖకు చెందిన ఆస్ట్రో-ఏషియాటిక్ భాష. మూడు భాషలు, మూడు కుటుంబములు. లిపికిని భాషకును గల సంబంధమును పరీక్షించుటకు ఇంతకంటె తగిన క్షేత్రము అరుదు.

అంకెల సాక్ష్యము

ఉద్దానపు తోటలనుండి పలాసకు వచ్చిన జీడిపిక్కల బస్తాపై 13 అని వ్రాసియున్నదనుకొందము. తెలుగువాడు దానిని ‘పదమూడు’ అని చదువును. ఒడియావాడు ‘తేర’ అని చదువును. సవర తన భాషలో ‘మిగ్గల్‌బోయ్’ అని చదువును. ముగ్గురును గ్రహించిన సంఖ్య ఒక్కటే. కాని వారు పలికిన మాటల నిర్మాణమును చూడుడు. తెలుగు మాటలో ముందు పది, పిదప మూడు. ఒడియా మాట సంస్కృత ‘త్రయోదశ’ శబ్దమునుండి వచ్చినది గనుక అందు ముందు మూడు, పిదప పది. సవర మాటలో పదియు లేదు, మూడును లేదు. ‘మిగ్గల్’ అనగా పండ్రెండు, ‘బోయ్’ అనగా ఒకటి. సవరల గణనము పండ్రెండును ఇరువదిని ఆధారముగా గొన్నది. కావున 33 అను సంఖ్యను వారు ఇరువది, పండ్రెండు, ఒకటి అని కూర్చి చెప్పుదురు.

వ్రాసిన గుర్తు పదుల పద్ధతిని అనుసరించినది. చదివినవాడు తన భాషాపద్ధతిని అనుసరించినాడు. గుర్తు అర్థమును అందించినది గాని మాటను అందింపలేదు. చీనా అక్షరము వేరువేరు దేశములలో చేసిన పని యించుమించు ఇట్టిదే.

ఇదే అంకెలో మరియొక విశేషమును గూడ గమనింపవలయును. ‘పదమూడవ’ అని వ్రాయదలచినప్పుడు మనము ‘13వ’ అని వ్రాయుదుము. అంకె అర్థమును తెలుపగా, తెలుగు వ్యాకరణమును తెలుపుటకు తెలుగు అక్షరము నొకదానిని చేర్చక తప్పలేదు. ఈ ‘వ’ కారమును మనసునందుంచుకొన్నచో జపాను లిపి సగము బోధపడినట్లే.

చీనా లిపి స్వభావము

చీనా లిపికి నేడు లభించుచున్న ప్రాచీన సాక్ష్యములు సుమారు 3,200 సంవత్సరములకు పూర్వము ఎముకలపైనను తాబేటి చిప్పలపైనను చెక్కిన ప్రశ్నశాస్త్ర లేఖనములు. ఒకటి, రెండు, మూడు అను సంఖ్యలకు అడ్డముగా గీచిన ఒకటి, రెండు, మూడు గీతలు. కొండకు మూడు శిఖరముల గుర్తు. ఇట్టివి బొమ్మలనుండి పుట్టినవి. మందసనుండి మహేంద్రగిరిని చూచువారిలో తెలుగువాడు ఆ గుర్తును ‘కొండ’ అనియు, ఒడియావాడు ‘పాహాడ’ అనియు, సవర ‘బరు’ అనియు చదువగలడు.

కాని బొమ్మలవంటి అక్షరములు ఆ లిపిలో స్వల్పభాగము మాత్రమే. క్రీ. శ. 100 ప్రాంతమున షూ షెన్ అను పండితుడు 9,353 అక్షరములను వివరించుచు ఒక నిఘంటువును కూర్చెను. అందలి అక్షరములలో అధికభాగము రెండేసి అంగములు గలవి: ఒక అంగము అర్థమును సూచించును, రెండవది ధ్వనిని సూచించును. నేటి వాడుకలో తల్లిని ‘మా’ అందురు. ఆ మాటను వ్రాయుటకు స్త్రీని తెలుపు గుర్తు ప్రక్క గుర్రమును తెలుపు గుర్తును ఉంచుదురు. తల్లికి గుర్రముతో ఎట్టి సంబంధమును లేదు. గుర్రమును గూడ ‘మా’ అని, స్వరభేదముతో, పలుకుటయే అందులకు కారణము. కావున చీనా లిపి కేవలము భావలిపి యనుట సరికాదు. అది చీనా భాషయొక్క పలుకుబడిని ఆధారముగా జేసికొని పెరిగిన లిపి. అన్యభాషలకు అది అమరుటలో కలిగిన చిక్కులన్నిటికిని మూలమిచ్చటనే కలదు.

ఈ అక్షరములను అర్థమును విడిచి ధ్వనికొరకే వాడుటయు కలదు. 7వ శతాబ్దిలో భరతఖండమున సంచరించిన హ్యూయన్ త్సాంగు, 646లో పూర్తియైన తన యాత్రాగ్రంథమునందు, కళింగ నామమును మూడక్షరములతోను, ఆంధ్ర నామమును మూడక్షరములతోను వ్రాసెను. నేటి ఉత్తరచీనా ఉచ్చారణమున అవి ‘జియెలింగ్‌జియా’, ‘ఆన్‌దలువో’ అని వినబడును. ఆ అక్షరముల అర్థములతో మన దేశనామములకు పనిలేదు. అర్థలిపి యనబడునది ఇచ్చట కేవలము ధ్వనిలిపిగా పనిచేసినది.

మూడు దేశములు, మూడు పరిష్కారములు

చీనా అక్షరములు కొరియామార్గమున జపానును చేరినవి. జపాను భాషకును చీనా భాషకును బంధుత్వము లేదు. చీనా భాషలో పదములకు విభక్తి ప్రత్యయములు లేవు. జపాను భాష తెలుగువలెనే పదాంతమున ప్రత్యయములను చేర్చుకొనును, క్రియను వాక్యాంతమున నిలుపును. కావున జపానువారు ఒకే యక్షరమునకు రెండు విధములైన చదువులను ఏర్పరచుకొనిరి. కొండ గుర్తును చీనానుండి వచ్చిన పలుకుబడితో ‘సాన్’ అనియు, స్వదేశపు మాటతో ‘యామ’ అనియు చదువుదురు. క్రియకు, విశేషణమునకు చివర చేరు ప్రత్యయములను వ్రాయుటకు చీనా అక్షరముల రూపములనే కుదించి 9వ శతాబ్ది ప్రాంతమున ‘కానా’ అను ధ్వనిలిపిని కల్పించుకొనిరి. మన ‘13వ’ అను వ్రాతలో అంకె చేయు పనిని చీనా అక్షరమును, ‘వ’ కారము చేయు పనిని కానాయు చేయుచున్నవి. 2010లో ప్రకటించిన పట్టికననుసరించి సామాన్య వ్యవహారమునకు జపానులో 2,136 చీనా అక్షరములు నిర్ణయింపబడినవి.

కొరియా భాషయు ప్రత్యయములు గలదియే. అచ్చటి పండితులు చీనా అక్షరములలో కొన్నిటిని ధ్వనికి, కొన్నిటిని అర్థమునకు వాడుచు తమ వాక్యములను వ్రాయ యత్నించిరి గాని అది ఉద్యోగులకును పండితులకును మాత్రమే సాధ్యమయ్యెను. 1443లో సెజోంగ్ రాజు 28 అక్షరముల నూతన లిపిని నిర్మింపజేసి 1446లో ప్రకటించెను. తమ దేశభాష చీనా భాషకంటె భిన్నమగుటచే చీనా లిపి దానికి అమరుటలేదనియు, అందువలన సామాన్యజనులు చెప్పదలచినది చెప్పుకొనలేకున్నారనియు ఆయన చూపిన కారణము. ఐనను పండితులు ఆ లిపిని పలు శతాబ్దులు చిన్నచూపు చూచిరి. రెండవ ప్రపంచయుద్ధానంతరము అది ఉభయకొరియాలయందును అధికారస్థానమున స్థిరపడినది.

వియత్నాము భాష సవర వలెనే ఆస్ట్రో-ఏషియాటిక్ కుటుంబమునకు చెందినది. రెండును దూరపు చుట్టములు. అచ్చటి పండితులు చీనా పద్ధతిలోనే తమ మాటలకు క్రొత్త యక్షరములను కూర్చిరి. ‘మూడు’ అనుటకు వారి మాట ‘బా’. దానిని వ్రాయుటకు ‘బా’ అను ధ్వనిగల యొక యక్షరమును, మూడు గీతల యక్షరముతో జతచేసిరి. ‘నోమ్’ అను ఈ లిపిని చదువవలెనన్నచో ముందు చీనా లిపి వచ్చియుండవలెను. ఈ భారమువలన అది జనసామాన్యమునకు అందలేదు. 1919లో చీనా పద్ధతి ఉద్యోగపరీక్షలు ముగిసిన పిదప రోమను లిపి ఆ దేశమున స్థిరపడినది.

అక్షరము ఒక్కటైనను అర్థము సైతము ఒక్కటిగా నిలువలేదు. ‘చేయి’, ‘కాగితము’ అను రెండక్షరములను జతచేసినచో జపానులో ఉత్తరము అని యర్థము. చీనాలో మరుగుదొడ్డి కాగితము అని యర్థము. రూపము గూడ భిన్నమైనది. 1956 నుండి చీనా ప్రభుత్వము అనేకాక్షరముల రూపములను సులభపరచగా, తైవాను, హాంగుకాంగులలో ప్రాతరూపములే నిలిచినవి.

సంస్కృతముతో పోలిక

పూర్వము చీనా, కొరియా, జపాను, వియత్నాము పండితులు కలిసినప్పుడు నోట మాటలాడలేకున్నను కుంచెతో వ్రాసి సంభాషించుచుండిరి. దీనిని లిపిమహిమగా చెప్పుట కలదు. కాని వారందరును ముందుగా నేర్చినది ప్రాచీన చీనా వాఙ్మయభాష. వారిని కలిపినది ఆ భాషాజ్ఞానము. లిపి ఆ భాషకు వాహనము.

మనదేశమున ఆ స్థానమును సంస్కృతము వహించినది. టెక్కలి తామ్రశాసనములని పేరుగాంచిన గాంగరాజుల దానపత్రములు సంస్కృతమున నున్నవి. కాని సంస్కృతము ఏ దేశమునకు పోయిన ఆ దేశపు లిపిని ధరించినది: కళింగమున ఒకటి, ద్రవిడమున ఒకటి, కాశ్మీరమున మరియొకటి. చీనా వాఙ్మయభాష తన లిపిని వెంటబెట్టుకొని పోయినది. సంస్కృతము లిపిని విడిచి పోయినది. అందుచేతనే మనకు పరభాషాలిపిని మోయు భారము తప్పినది. తెలుగు, ఒడియా మొదలగు లిపులన్నియు బ్రాహ్మీ సంతతివే యైనను ప్రతిభాషయు తన ధ్వనులకు తగిన రూపమును దిద్దుకొన్నది.

సవర భాష లిపులు

ఈ అదృష్టము సవర భాషకు మాత్రము దక్కలేదు. చీనాలో లిపి ఒకటై భాషలు పెక్కు; సవరలయెడ భాష ఒకటై లిపులు పెక్కు. పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడైన గిడుగు వెంకట రామమూర్తి పంతులు (1863–1940) సవరలవలన వారి భాష నేర్చి, వారి పిల్లలకు వారి మాటతోనే చదువు చెప్పవలెనని తెలుగు లిపిలో వాచకములు వ్రాసిరి, బడులు పెట్టిరి. వారి సవర వ్యాకరణమును 1931లో మద్రాసు ప్రభుత్వము ప్రకటించినది. సవరలో కంఠద్వారమును క్షణకాలము మూసి విడుచుటచే గలుగు ధ్వని యొకటి కలదు. తెలుగున దానికి అక్షరము లేదు. పరభాషకు మన లిపిని అమర్చునప్పుడు గుర్తును చేర్చవలసివచ్చుట ఇచ్చటను తప్పలేదు.

1936 ఏప్రిల్ 1వ తేదీన ఒడిషా రాష్ట్రమేర్పడెను. పర్లాకిమిడి అటు చేరెను. టెక్కలి, మందస ప్రాంతములు ఇటు నిలిచెను. సవర గ్రామములు రెండు ప్రక్కలను ఉండిపోయెను. ఆ సంవత్సరముననే జూన్ నెలలో గునుపురము ప్రాంతపు సవర, మంగేయి గోమాంగో, 24 అక్షరములతో ‘సొరాంగ్ సొంపెంగ్’ అను లిపిని ప్రకటించెను. ఒక్కొక్క యక్షరము ఒక్కొక్క దేవతకు సంకేతము. ఈ లిపి 2012లో యూనికోడ్ పట్టికను చేరినది. మరియొక వైపున క్రైస్తవ మిషనరీల మూలమున రోమను లిపి వచ్చినది. ఒడిషాలో ఒడియా లిపి కలదు. ఆంధ్రదేశమున 2004 ప్రాంతమున మాతృభాషావిద్య ప్రారంభమైనప్పుడు సవర వాచకములు తెలుగు లిపిలో వెలసినవి.

దీని ఫలమేమి? మహేంద్రగిరికి ఇటు మందస మన్యమునందలి సవర బాలుడును, అటు గజపతి జిల్లాలోని సవర బాలుడును కలిసినచో నోట మాటలాడుకొందురు. ఒకరి పుస్తకమును ఒకరు చదువలేరు. కుంచెతో మాటలాడి నోట మాటలాడలేకుండిన పూర్వపు చీనా, జపాను పండితులకు వీరు సరిగా విపర్యయము. కొద్దిపాటి పాఠకులు గల భాష నాలుగు లిపులలో చీలినప్పుడు, ఒక్కొక్క లిపిలో వెలువడు పుస్తకమునకు చదువరులు మరింత కొద్దిమంది యగుదురు. చదువరులు లేనిచోట రచన పెరుగదు.

ముగింపు

దీనినిబట్టి సర్వభాషలకును ఒకే లిపి విధించుట మేలని నిర్ణయింపరాదు. చీనా లిపిని ఎరువు తెచ్చుకొన్న ప్రతిదేశమును, తన భాషకు కావలసినది అందు లేకపోవుటచే, కానా, హంగుల్, నోమ్ అను రూపములలో తన సొంత సాధనమును కల్పించుకొనవలసివచ్చినది. లిపి అర్థమును పంచగలదు గాని వ్యాకరణమును పంచలేదు. అట్లే లిపి ఏదైన నేమి యనుటయు తగదు; ఒకే భాషీయులను చీల్చగల శక్తి దానికి కలదని సవర చరిత్ర చాటుచున్నది.

సవరకు ఏ లిపి తగునో నిర్ణయించు హక్కు సవరలదే. పండితులు చేయదగినది వేరొకటి కలదు. నాలుగు లిపులయందును ఏ యక్షరము ఏ సవరధ్వనికి నిలిచినదో పోల్చి పట్టికలు కూర్చి, ఒక లిపిలోని పుస్తకమును మరియొక లిపిలోనికి తప్పులేకుండ మార్చుటకు మార్గము చూపవచ్చును. అప్పుడు కొండకు అటు అచ్చైన కథను ఇటు పిల్లవాడు చదువుకొనును. బస్తాపై అంకెను ముగ్గురు మూడు విధములుగా చదివి ఒకే లెక్కకు వచ్చినట్లు, లిపులు వేరైనను సవర పాఠకులు ఒకే పుటను చేరగలరు.