ఆమె సారీ చెప్పలేదు!

మొన్న రాత్రి చిలకలగూడలో మా ఇంటి మెట్ల మీద ఫోన్ పట్టుకుని కూర్చున్నా. ముందే మెసేజ్ పెట్టి సెలవు తీసుకున్న రోజుకి, ‘చెప్పకుండా మానేసింది’ అని మా ఆఫీసులో నింద. గ్రూపులో అందరి ముందూ సారీ పెట్టాలట. టైప్ చేయడం, చెరిపేయడం... అరగంట నుంచీ ఇదే పని.

సంగతి విన్న అమ్మమ్మ ఒకటే మాట అంది. “భానుమతిని గూడ గిట్లనే అడిగిన్రు. ఆమె చెప్పలే.”

భానుమతి అంటే నాకు ‘మంగమ్మగారి మనవడు’లో బాలకృష్ణ నానమ్మే గుర్తొస్తుంది. మీలో చాలామందికీ అంతేనేమో. ఆ రాత్రి అమ్మమ్మ చెప్పింది విని, తర్వాత నేను చదివింది కలిపితే వేరే మనిషి కనిపించింది.

ఒంగోలు దగ్గర దొడ్డవరంలో పుట్టిన అమ్మాయి. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య దగ్గరే సంగీతం మొదలైంది. 1939లో సి.పుల్లయ్య తీసిన ‘వరవిక్రయం’ మొదటి సినిమా. కట్నం కోసం జరిగే పెళ్లిని కాదని ప్రాణం తీసుకునే కాళింది పాత్ర. అప్పటికి ఆమెకి పధ్నాలుగేళ్లు, అటూఇటూగా. 1943లో పి.ఎస్.రామకృష్ణారావుని ప్రేమించి పెళ్లి చేసుకుంది. ఇక సినిమాలు వద్దనుకున్న సమయంలో బి.ఎన్.రెడ్డి ‘స్వర్గసీమ’ (1945) వచ్చింది. అందులో పావురం పాట ఊరూరా మోగింది. 1951లో ‘మల్లీశ్వరి’. తన పాటలు తనే పాడుకునేది. ఆ గొంతుకి ఇంకొకరి అరువు అక్కర్లేదు.

ఇక అసలు కథ. విజయా వారి ‘మిస్సమ్మ’కి ముందు అనుకున్న హీరోయిన్ సావిత్రి కాదు, భానుమతి. షూటింగ్ కూడా కొంత జరిగింది. వరలక్ష్మీ వ్రతం నాడు ఆలస్యంగా వస్తానని ఆమె కబురు పంపిందట. అది నిర్మాత చక్రపాణికి చేరలేదంటారు. ఆయన క్షమాపణ రాసిమ్మన్నారు. ఆమె రాయనంది. అంతే, తీసిన రీళ్లు పక్కకి పోయాయి. చెల్లెలి వేషానికి అనుకున్న సావిత్రి మిస్సమ్మ అయింది, ఆ వేషం జమునకి వెళ్లింది. 1955లో సినిమా విడుదలై సావిత్రి దశ తిరిగింది.

“మరి నష్టం ఎవరికి, భానుమతికే కదా?” అన్నాను.

“నష్టమే. కానీ ఆమె ఇంట్ల పొయ్యి ఆగలే” అంది అమ్మమ్మ.

ఆ మాట దగ్గరే నేను ఆగిపోయాను. ఎందుకు ఆగలేదు? అప్పటికే భార్యాభర్తలకి కొడుకు పేరు మీద భరణి పిక్చర్స్ ఉంది. ‘లైలా మజ్ను’ (1949) తీశారు. 1953లో ‘చండీరాణి’ని తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లోనూ ఆమే డైరెక్ట్ చేసింది. తెలుగులో తొలి మహిళా దర్శకురాలిగా పేరు. నటన, పాట, దర్శకత్వం చాలవన్నట్టు కథలు కూడా రాసేది. అత్తల మీద హాస్యం విసిరిన ‘అత్తగారి కథలు’ ఇప్పటికీ చదువుతున్నారు. 1966లో పద్మశ్రీ వచ్చింది. తర్వాత మద్రాసు ప్రభుత్వ సంగీత కళాశాలకి ప్రిన్సిపాల్‌గానూ చేసింది.

లోకం ఆమెకి ‘పొగరు’ అని పేరు పెట్టింది. అదే పని మగ హీరో చేస్తే ‘ఆత్మాభిమానం’ అనేవాళ్లు కాదా? అయితే ఒకటి ఒప్పుకోవాలి. ‘రాయను’ అనడానికి ధైర్యం ఒక్కటే చాలదు. చేతిలో ఇంకో పని కూడా ఉండాలి. ఒక తలుపు మూసుకుంటే తెరవడానికి ఆమెకి నాలుగు తలుపులున్నాయి. వాటిని చిన్నప్పటి నుంచీ ఒక్కొక్కటిగా తనే కట్టుకుంది.

నాకు భరణి పిక్చర్స్ లేదు. నెలాఖరుకి ఇంటద్దె ఉంది. అందుకని గొడవ పెట్టుకోలేదు. అలాగని చేయని తప్పుకి సారీ కూడా చెప్పలేదు. సెలవు అడిగిన మెసేజ్‌ని తేదీతో సహా గ్రూపులో పెట్టి, ‘ఒకసారి చూడగలరు’ అని రాశాను. పంపేటప్పుడు చెయ్యి వణికింది, నిజం.

ఇంకా జవాబు రాలేదు. ఈలోగా ఎప్పుడో సగంలో వదిలేసిన వీడియో ఎడిటింగ్ కోర్సు మళ్లీ మొదలుపెట్టాను. స్టేషన్ వైపు నుంచి రైలు కూత వినిపిస్తుంటే, “ఇంక పండుకోవే” అంటోంది అమ్మమ్మ.

“ఇంకొక్క పాఠం అమ్మమ్మా” అన్నాను.