వలెన్సియాలో ఒక వంటపాఠం

విదేశయాత్ర చేసి వచ్చినవారు కోటలను గూర్చి, ప్రార్థనామందిరాలను గూర్చి, రాజప్రాసాదాలను గూర్చి వ్రాయడం పరిపాటి. స్పెయిన్ దేశం నుంచి తిరిగి వచ్చినవారినైతే కొర్దోవా జామె మసీదు సంగతి, గ్రనాడాలోని అల్‌హమ్రా సంగతి అడగని మిత్రుడు ఉండడు. అవి తప్పక చూడదగినవే. అయితే గత వేసవి సెలవులలో మేము, అనగా ఈ వ్యాసకర్త, మా శ్రీమతి, మా తమ్ముడు ఉద్యోగరీత్యా నివసిస్తున్న వలెన్సియా నగరంలో పది దినాలు గడిపాము. ఆ పది దినాలలో ఆ దేశ చరిత్రను మాకు అన్నింటికంటె ఎక్కువగా బోధించినది ఒక వంటశాల. ఆ పాఠాన్ని మా విద్యార్థులతో పంచుకోవాలనే ఈ చిన్న ప్రయత్నం.

వలెన్సియా స్పెయిన్ తూర్పు తీరాన, మధ్యధరా సముద్రపు ఒడ్డున ఉన్న నగరం. అక్కడ యాత్రికుల చేత స్థానిక వంటకాలను స్వయంగా చేయించి నేర్పే తరగతులు కద్దు. ఉదయం అంగడికి తీసుకొనిపోయి సరుకులు కొనిపిస్తారు. మధ్యాహ్నానికి వండిస్తారు. వండినదానిని వండినవారి చేతనే తినిపిస్తారు. మేము చేరిన తరగతిలో నేర్పేది 'పాయేయా' అనే అన్నపు వంటకం. లోకమంతటా స్పెయిన్ వంటకంగా ప్రసిద్ధమైనా, అది తమ ప్రాంతపు వంటకమని వలెన్సియావారి అభిమానం. 2021లో అక్కడి ప్రాంతీయ ప్రభుత్వం దానిని రక్షింపదగిన సాంస్కృతిక సంపదగా ప్రకటించింది.

తరగతిలో చేరకముందే మాకొక సంకోచం కలిగింది. స్పెయిన్ వంటలలో పందిమాంసానికి పెద్దపీట అని విన్నాము. విచారించగా వలెన్సియా పాయేయాలో పడేవి కోడి, కుందేలు మాంసాలే అని తెలిసింది. అయినా అది హలాల్ మాంసం కాదు గదా! సంగతి చెప్పగానే అరువది ఏండ్లు దాటిన ఆ వంటగురువు మారుమాట లేకుండా, మీ మాంసం మీరే తెచ్చుకోండి, మీకు వేరే పెనము పెడతాను అన్నది. మరునాడు ఉదయమే మా తమ్ముడు మమ్మల్ని రుసాఫా అనే పేటకు తీసుకొనిపోయాడు. అక్కడ ఉత్తర ఆఫ్రికా నుంచి వచ్చినవారి దుకాణాలున్నవి. హలాల్ కోడిని కొని సంచిలో వేసుకొన్న తరువాత ఆ పేట పేరును గూర్చి ఆలోచించాము. కొర్దోవా ఉమయ్యద్ రాజ్యస్థాపకుడైన మొదటి అబ్దుర్రహ్మాన్ కుమారుడు అబ్దుల్లా అక్కడ ఒక ఉద్యానభవనాన్ని నిర్మించి దానికి రుసాఫా అని పేరు పెట్టాడు. ఉద్యానం పోయింది, పేరు నిలిచింది.

అక్కడి నుంచి 1928లో ప్రారంభమైన కేంద్ర విపణికి వెళ్లి గురువును కలుసుకొన్నాము. ఆమె ఒక్కొక్క సరుకును చేతికిచ్చి దాని పేరును పలికించింది. ఉర్దూ వచ్చిన మా చెవులకు అవి పరాయి మాటలుగా తోచలేదు. బియ్యాన్ని 'అర్రోస్' అంటారు. అది అరబీలోని 'అర్రుజ్'. కుంకుమపువ్వు 'అథఫ్రాన్', మన ఇండ్లలోని జాఫరానే. ఆలివ్ కాయ 'అథెయ్‌తూన', మన జైతూన్. నూనెకు 'అథెయ్‌తె' అనే మాట కూడ ఆ ధాతువు నుంచి వచ్చినదే. చక్కెర 'అథూకర్'. దాని ప్రయాణం మన దేశంలోనే మొదలైనది: సంస్కృతంలోని శర్కర పారశీకం మీదుగా అరబీలో 'సుక్కర్' అయి, స్పెయిన్ చేరి 'అథూకర్' అయింది. తెలుగులో మనకు చక్కెర అయింది. సంస్కృత నారంగం ఆ మార్గాననే పోయి స్పానిష్‌లో 'నరాంహ' అయింది, మనకు నారింజ అయింది. ఇన్ని వేల మైళ్ల దూరాన మన అక్కచెల్లెండ్ర వంటి మాటలు ఒక్క సంచిలో కూడుకొనడం చూచి మా శ్రీమతి నవ్వింది.

వంటశాల నగర శివారులోని ఒక తోట ఇంటి పెరటిలో ఉన్నది. దానికి దక్షిణంగా కొంత దూరాన అల్బుఫేరా అనే సరస్సు, దాని చుట్టూ వరిపొలాలు ఉన్నవి. 'అల్ బుహైరా' అనగా అరబీలో చిన్న సముద్రం. ఉర్దూ కవిత్వంలోని 'బహ్ర్' దీనికి దగ్గరి చుట్టమే. పెరటి వెనుక పారే కాలువను 'అథేకియ' అంటారు. అది అరబీ 'అస్సాఖియా'. నీరిచ్చే కాలువకు, గజల్‌లో పానపాత్ర నిచ్చే సాఖీకి ధాతువు ఒక్కటే అని చెబితే మా ఉర్దూశాఖ మిత్రులు సంతోషిస్తారు.

ఈ కాలువల వ్యవస్థ ముస్లిముల పాలనాకాలంలో విస్తరించినది. ఆరగాన్ రాజు మొదటి జైమె 1238లో నగరాన్ని జయించిన తరువాత పాలకులు మారినా, నీటి పంపకంలోని పూర్వపు కట్టుబాట్లు కొనసాగినవి. నేటికీ ప్రతి గురువారం పగలు పన్నెండు గంటలకు ప్రధాన చర్చి ద్వారం ముందు ఎనిమిది కాలువల రైతు ప్రతినిధులు నల్లని అంగీలు ధరించి కూర్చుంటారు. నీటి తగవులను నోటిమాటతోనే విచారించి అక్కడికక్కడే తీర్పు చెబుతారు. ఈ జలన్యాయసభను 2009లో యునెస్కో మానవజాతి వారసత్వంగా గుర్తించింది. తుంగభద్ర, కృష్ణా కాలువల క్రింద పొలాలున్న ఇండ్ల నుంచి వచ్చిన విద్యార్థులకు ఇట్టి సభ విలువ వేరే చెప్పనక్కరలేదు.

ఇక పాకవిధానం. పాయేయా పెనము వెడల్పుగా, లోతు తక్కువగా, రెండు పిడులతో ఉంటుంది. మా నలుగురికి సరిపడే పెనము సుమారు 40 సెంటీమీటర్ల వ్యాసం గలది. బియ్యం 400 గ్రాములు. పొయ్యిలో నారింజ కట్టెలు పెట్టారు. తోటలలో కొమ్మలు నరికినప్పుడు మిగిలినవి అవి. మంట చురుకుగా ఉంటుంది. ఆలివ్ నూనె కాగిన తరువాత ఉప్పు పట్టించిన కోడిముక్కలను తొందరపడక ఇరువది నిమిషాల దాకా ఎర్రగా వేయించాలి. వాటిని అంచుకు నెట్టి, వెడల్పు చిక్కుడుకాయలను, 'గరొఫో' అనే పెద్ద తెల్ల చిక్కుడు గింజలను వేయించాలి. నడుమ టమాటా తురుమును వేసి రంగు ముదిరేదాకా ఉంచాలి. ఒక చెంచా ఎర్రమిరప పొడిని చల్లి, అది మాడి చేదెక్కకముందే నీరు పోయాలి. ఎంత నీరు? పెనానికి పిడులను బిగించిన మేకులు మునిగేదాకా. కొలత పెనములోనే ఉన్నదన్న మాట. అరగంట మరిగిన పిమ్మట కుంకుమపువ్వు వేసి, ఉప్పు చూడాలి. ఆ నీరు నాలుకకు కొంచెం ఉప్పగానే తగలాలి. తరువాత బియ్యం దానిని పీల్చుకొంటుంది.

ఇక్కడ మాకు మొదటి అక్షింత పడింది. మా శ్రీమతి అలవాటు చొప్పున బియ్యాన్ని కడగడానికి గిన్నెలో పోసింది. గురువు పరుగున వచ్చి గిన్నెను లాగుకొన్నది. వారి 'బోంబా' బియ్యం పొట్టి గింజది. పగలకుండ చాల నీటిని పీల్చుకోగలదు. దానిని కడుగరు, నానబెట్టరు. పొడిబియ్యాన్ని పెనము నడుమ ఒక గట్టులాగా ఈ అంచు నుంచి ఆ అంచు దాకా పోస్తారు. ఆ గట్టును 'కబయోన్' అంటారు. పొలంలో బోదెల నడుమ వేసే గట్టుకు కూడ అదే పేరు. రైతు మాట వంటలోకి వచ్చింది. గట్టును చెదిపి బియ్యాన్ని అంతటా సర్దిన తరువాత ఇక గరిటె పెట్టరాదు.

రెండవ అక్షింత ఈ వ్యాసకర్తకు పడింది. అడుగంటుతున్నదేమోనన్న భయంతో మేము గరిటెతో ఒక మారు కలియబెట్టాము. గురువు గరిటెను తీసుకొని తన వీపు వెనుక దాచుకొన్నది. కలిపితే బియ్యపు గంజి విడిపోయి అన్నం ముద్దయిపోతుందట. మొదటి పది నిమిషాలు పెద్దమంట, తరువాత ఎనిమిది నిమిషాలు సన్నసెగ. చివరి క్షణాలలో మరల మంట పెంచి చెవి ఒగ్గి వినమన్నది. నీరు ఇగిరి నూనె చిటపటలాడే చప్పుడు వినిపించింది. అప్పుడు అడుగున బంగారు వన్నె చెక్క కడుతుంది. దానిని 'సొకర్రాత్' అంటారు. మన దేగిసాల అడుగున గీకి తీసే ఖుర్చన్ కోసం పిల్లలు పోట్లాడినట్లే అక్కడివారు దాని కోసం పోట్లాడుతారు. బిర్యానీ మూతలోపల దమ్మున ఉడుకుతుంది, పాయేయా ఆకాశం క్రింద మూత లేకుండ ఉడుకుతుంది. రెండింటిలోనూ వంటవాని చేయి ఒక దశలో ఊరకుండడం నేర్చుకోవాలి. పుస్తకం చదివితే ఈ ఓర్పు అలవడదు. గరిటె పోగొట్టుకొని నిలబడినవానికి అలవడుతుంది.

అన్నం ఉడుకుతున్నంతసేపు మా మనస్సు మరొక సంగతి మీదకు పోయింది. 1492లో గ్రనాడా పతనమైంది. వలెన్సియా ముస్లిములను 1520ల నాటికి బలవంతంగా మతం మార్పించారు. మారిన తరువాత కూడ వారి వంటిండ్లపై నిఘా పోలేదు. పందిమాంసం తినకపోవడం, పందికొవ్వుకు బదులు ఆలివ్ నూనెతో వండడం, నేలపై కూర్చుండి చేతితో కుస్‌కుస్ తినడం - ఇవన్నీ మతవిచారణ న్యాయస్థానాల ముందు నేరానికి సాక్ష్యాలైనవి. 1609లో బహిష్కరణ శాసనం మొదట వలెన్సియాలోనే అమలైంది. ఆ ఒక్క రాజ్యం నుంచే లక్షకు పైగా జనం నౌకలెక్కవలసి వచ్చింది. అంతకు మూడు శతాబ్దులకు పైగా పూర్వమే మూర్సియా నగరం విడిచి ప్రవాసం పోయిన ఇబ్న్ రజీన్ అల్ తుజీబీ, ట్యూనిస్‌లో కూర్చుండి తన అందలూసియా వంటలను 'ఫదాలతుల్ ఖివాన్' అనే గ్రంథంలో వ్రాసిపెట్టాడు. దేశం పోయినవానికి రుచి ఒక్కటే వెంట వచ్చే ఆస్తి కాబోలు. నాడు నూనె నేరమైన ఆ నేలమీద నేడు మా హలాల్ కోడి, అడిగినంతనే ఇచ్చిన వేరొక పెనములో, ఆ నూనెలోనే వేగుతున్నది. మా కండ్లు చెమర్చినవి. కట్టెల పొగ అని గురువుకు చెప్పాము.

అంతమాత్రాన పాయేయా మనదే అని చాటుకోవడం న్యాయం కాదు. 'బఖియా', అనగా మిగిలినది, అనే అరబీ మాట నుంచి పాయేయా పుట్టిందని చెప్పుకొనే కథ ఒకటి ఉన్నది. ఉర్దూలోని 'బాఖీ' గుర్తుకు వచ్చి మనకది ముచ్చటగా వినిపిస్తుంది. కాని భాషాశాస్త్రం ఒప్పుకొనదు. ఆ పదానికి మూలం పెనమనే అర్థం గల లాటిన్ 'పటెల్లా'. పెనము పేరే వంటకానికి పేరైనది. వంటకం కూడ బహిష్కరణ జరిగిన చాలకాలానికి పొలంపనివారి మధ్యాహ్న భోజనంగా రూపు దిద్దుకొన్నది. అందులోని టమాటా, మిరప పొడి, రెండు రకాల చిక్కుళ్లు కొలంబస్ యాత్రల పిమ్మట అమెరికా ఖండం నుంచి వచ్చినవి. మన గుంటూరు మిరప కూడ పోర్చుగీసువారు తెచ్చిన అమెరికా మొక్క సంతతే గదా! దానిని పరాయిది అనగల తెలుగువాడు ఎవడు? బియ్యాన్ని, కాలువను, కుంకుమపువ్వును ఇచ్చినవారు ఒకరు. పెనాన్ని ఇచ్చినవారు ఒకరు. టమాటాను ఇచ్చినవారు మరొకరు. పొయ్యి ముందు నిలిచి వండినవారు మాత్రం వలెన్సియా రైతులు. వంటకం వారిదే.

ఐదు నిమిషాలు ఆరనిచ్చిన పిదప పెనాన్ని బల్ల నడుమ పెట్టారు. పాత పద్ధతిలో పళ్లెములు ఉండవు. అందరూ చుట్టూ కూర్చుండి కొయ్య చెంచాలతో తమ ఎదుటి భాగాన్ని అంచు నుంచి నడుమకు తింటూ పోతారు. ప్రక్కవాని భాగంలో చెంచా పెట్టడం అమర్యాద. ఒకే తబక్ నుంచి తినేటప్పుడు నీ ముందున్నది తిను అని మా పెద్దలు బాల్యంలో నేర్పిన మాట జ్ఞప్తికి వచ్చింది. నాలుగవ చోటులో గురువు కూర్చున్నది. తాను చేసిన కుందేలు పెనాన్ని తక్కిన యాత్రికులకు వదలి, మా పెనములో తిన్నది. కలియబెట్టిన చోట అన్నం కొంచెం ముద్దయింది. ఆ భాగం న్యాయంగా మా ఎదుటనే వచ్చింది.

విద్యార్థి మిత్రులారా! మీ ఇంటి వంటగదిలోని డబ్బాలను ఒక్కసారి తెరచి, లోపలి వస్తువుల పేర్లను మీ తల్లుల నోట విని, అవి ఎక్కడి నుంచి వచ్చినవో విచారించండి. తెలుగు, ఉర్దూ నిఘంటువులు రెండూ మన గ్రంథాలయంలో ప్రక్కప్రక్కనే ఉన్నవి. వీలైతే ఆ పూట వంటలో కూడ చేయి వేయండి. గరిటె ఎప్పుడు పట్టవలెనో, ఎప్పుడు విడువవలెనో మీ అమ్మగారు చెబుతారు.