శిలాక్షరముల శ్రీకూర్మము

శ్రీకాకుళమునకు సమీపముననున్న శ్రీకూర్మమున విష్ణువు కూర్మరూపమున పూజలందుకొనుచున్నాడు. స్వామి పశ్చిమాభిముఖుడు. అన్యత్ర ఒకటే యుండు ధ్వజస్తంభము ఇచట తూర్పు పడమరల రెండున్నవి.

శ్వేతపుష్కరిణిని సేవించి, దర్శనము ముగియగానే మరలిపోవువారే పెక్కురు. మండపస్తంభములను నిలిచి చూచువారు తక్కువ. గాంగరాజుల కాలమునుండి దాతలు అఖండదీపములకిచ్చిన దానములు వానిపై లిఖితములై యున్నవి. మధ్వాచార్యుల శిష్యులైన నరహరితీర్థులు ఇచట యోగానంద నరసింహునకు ఆలయము నిర్మించిరని 1281 నాటి శాసనము తెలుపుచున్నది.

రాజ్యములు పోయినవి, అక్షరములు మిగిలినవి. కాని ప్రదక్షిణ మండపపు గోడలమీది వర్ణచిత్రములకు రాతియంత దార్ఢ్యము లేదు. తాకిన ప్రతి చేయి వానిని కొంత చెరుపుచున్నది.

విహారయాత్రకు వచ్చిన విద్యార్థిచేత ఉపాధ్యాయుడు ఇచట ఒక్క శాసనపంక్తినైనను చదివించినచో, ఆ బాలుడు మరెన్నడును గుడిగోడపై తన పేరు గీయడు.