చార్జిషీటు వచ్చిందా? రాజీనామా రాయకండి, దారులున్నాయి

నేలటూరు థర్మల్ కేంద్రం, కృష్ణపట్నం పోర్టు, పంటపాళెం నూనె ఫ్యాక్టరీలు. ముత్తుకూరు చుట్టుపక్కల ఎన్నో ఇళ్లు ఈ జీతాల మీదే నడుస్తున్నాయి. అలాంటి ఇంటికి చార్జిషీటు వస్తే ఎవరికీ కంటి మీద కునుకుండదు. "రాజీనామా రాసిస్తే గొడవుండదు" అని పక్కనుంచి ఎవరో ఒకరు చెబుతారు. తొందరపడి సంతకం చేయకండి. తీసేస్తే కొట్లాడొచ్చు. మనమే రాసిచ్చిన రాజీనామా మీద కొట్లాడటం చాలా కష్టం.

ఎంక్వైరీలోనే సగం కేసు

జవాబు గడువులోపు రాసివ్వండి, ఇచ్చినట్టు సంతకం తీసుకోండి. ఇంట్లో మయ్యత్ అయి నాలుగు రోజులు డ్యూటీకి వెళ్లలేదనుకోండి, ఆ కారణాన్ని ఆధారాలతో రాయండి. గైర్హాజరు కావాలని చేసిందని రుజువు కాకపోతే అది దుష్ప్రవర్తన కాదని సుప్రీంకోర్టు 2012లో కృష్ణకాంత్ పర్మార్ కేసులో చెప్పింది. ఎంక్వైరీకి తప్పక వెళ్లండి. వాళ్ల సాక్షులను ప్రశ్నించే హక్కు, మీ సాక్షులను తెచ్చుకునే హక్కు మీకున్నాయి.

రిపోర్టు కాపీ మీ హక్కు

ఎంక్వైరీ అధికారి వేరు, శిక్ష వేసే అధికారి వేరు అయినప్పుడు, శిక్షకు ముందే ఎంక్వైరీ రిపోర్టు కాపీ ఉద్యోగికి ఇవ్వాలి. ఇది హైదరాబాద్ ఈసీఐఎల్ ఉద్యోగి కరుణాకర్ కేసులో 1993లో ఐదుగురు జడ్జీలు చెప్పిన మాట. అంతకు ముందు 1990లో మహమ్మద్ రంజాన్ ఖాన్ కేసులోనూ ఇదే తీర్పు. రూల్స్‌లో లేకపోయినా, మీరు అడగకపోయినా, ప్రైవేటు సంస్థ అయినా ఇవ్వాల్సిందే. కాకపోతే కాపీ ఇవ్వనంత మాత్రాన ఉద్యోగం దానంతటదే తిరిగి రాదు. దానివల్ల మీకు జరిగిన నష్టమేంటో కోర్టులో చూపించాలి.

ఎవరికి ఏ దారి?

ఫ్యాక్టరీ, పోర్టు కార్మికులు: ముందు కార్మిక శాఖలో రాజీ అధికారికి దరఖాస్తు చేయాలి. 45 రోజుల్లో తేలకపోతే యూనియన్ లేకపోయినా మీరే నేరుగా ట్రిబ్యునల్‌కు వెళ్లొచ్చు. ట్రిబ్యునల్ శిక్షను తగ్గించగలదు, ఉద్యోగంలోకి తిరిగి తీసుకోమనీ చెప్పగలదు. కాంట్రాక్టర్ కింద పనిచేసేవారూ కార్మికులే. గేట్ పాస్, పీఎఫ్, ఈఎస్ఐ కాగితాలు జాగ్రత్త చేసుకోండి.

సూపర్‌వైజర్లు: నెల జీతం 18,000 రూపాయలు దాటితే కార్మికుడి లెక్కలోకి రారు. మేనేజర్లు కూడా అంతే. వీళ్లు తమ నియామక షరతులను బట్టి వకీలు సలహా తీసుకోవాలి.

రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగులు: ముందు పై అధికారికి అప్పీలు, ఆ తర్వాత హైకోర్టు. హైకోర్టు సాక్ష్యాలను మళ్లీ మొదటినుంచి తూచదు, విచారణ పద్ధతి ప్రకారం జరిగిందా లేదా అనేదే ప్రధానంగా చూస్తుంది. 1963లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం, శ్రీరామారావు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. అందుకే ఎంక్వైరీ దశను తేలిగ్గా తీసుకోవద్దు.

గడువు తగ్గింది

పాత చట్టంలో ట్రిబ్యునల్‌కు వెళ్లడానికి మూడేళ్లు ఉండేది. 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన పారిశ్రామిక సంబంధాల కోడ్‌లో అది రెండేళ్లే. "సేట్‌తో మాట్లాడదాం, చూద్దాం" అంటూ ఏడాది గడిపేస్తే నష్టం మనకే. మాటలు మాట్లాడుకోండి, దరఖాస్తు మాత్రం ఆపకండి.

సస్పెన్షన్‌లో ఉన్నా పొయ్యి వెలగాలి కదా. 300 మంది, ఆపైన కార్మికులున్న సంస్థల్లో మొదటి 90 రోజులు సగం జీతం ఇవ్వాలి. మీ తప్పు లేకుండా విచారణ ఇంకా సాగితే ఆ తర్వాత 75 శాతం ఇవ్వాలి.

వకీలు ఫీజు లేదని ఆగిపోకండి

పారిశ్రామిక కార్మికులకు, మహిళలకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం 1987 చట్టమే ఇచ్చింది. నెల్లూరు జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అడగండి, లేదా 15100కు ఫోన్ చేయండి. వెళ్లేటప్పుడు నియామక పత్రం, జీతం స్లిప్పులు, చార్జిషీటు, మీ జవాబు, తొలగింపు ఆర్డర్ వెంట తీసుకెళ్లండి.